తెలిసే నవ్వుతాం, తెలియనట్టు ఉంటాం

అందరికీ నమస్కారం. ‘పెద్దలకు మాత్రమే’ సినిమాల తారల్ని మనం చూసే తీరు అన్న టాపిక్ చూసి కాబోలు, ముందు వరుసలన్నీ వదిలేసి వెనక సర్దుకున్నారు. ఫర్వాలేదు, మైకు బాగానే పనిచేస్తోంది.

2002లో వచ్చిన ‘జయం’ సినిమా గుర్తుందా? మలయాళం ఎ సర్టిఫికెట్ సినిమాలతో పేరుపడ్డ షకీలా అందులో లెక్చరర్. ఆమె డైలాగు కన్నా ముందే నవ్వొచ్చేది. ఎందుకంటే జోకు సీన్లో లేదు, చూసేవాడి బుర్రలో ఉంది. ‘అలాంటివి నేను చూడనండీ’ అనే మనిషికి అసలు ఆ జోకు అర్థం కాకూడదు. కానీ పిల్లాపాపలతో వచ్చినవాళ్లకి కూడా అర్థమైంది!

అంతకు రెండేళ్ల ముందు, 2000లో, ఆమె నటించిన ‘కిన్నారత్తుంబికళ్’ కేరళలో విరగబడి ఆడింది. చిన్న బడ్జెట్, ఎ సర్టిఫికెట్. ఆ కోవ సినిమాలు తెలుగులోకి డబ్ అయి, మార్నింగ్ షోలుగా మన ఊళ్లలోనూ ఆడాయి. సెన్సారు చూసింది ఒకటి, కొన్ని హాళ్లలో వేసింది ఇంకొకటి. మధ్యలో ఎక్కడిదో రీలు ముక్క అతికించేవారు. ఆ ‘బిట్ల’ కోసమే టికెట్లు తెగేవి. బిట్లో ఉన్నది ఎవరో ఎవరికీ పట్టదు. చెడ్డపేరు మాత్రం పోస్టర్ మీద ఉన్నామెకి.

సన్నీ లియోనీది వేరే దారి. ఆమె అమెరికాలో అడల్ట్ సినిమాల్లో పేరు తెచ్చుకుని, 2011లో హిందీ ‘బిగ్ బాస్’కి వచ్చారు. హిందీ సినిమా దర్శక నిర్మాత మహేశ్ భట్ ఆ ఇంట్లోకే వెళ్లి సినిమా ఆఫర్ ఇచ్చారు. మరుసటి ఏడు ‘జిస్మ్ 2’. 2014లో తెలుగులో ‘కరెంట్ తీగ’. పాత్ర ఏమిటనుకున్నారు? మళ్లీ టీచరే! తమిళ మాతృకలో ఆ పాత్ర మామూలు టీచరు. ఇక్కడ ఈమెను పెట్టేసరికి మసాలా దానంతటదే వచ్చింది. రాసేవాళ్లకి శ్రమ తప్పింది.

2016 జనవరిలో ఒక ఇంగ్లిష్ న్యూస్ చానల్ ఇంటర్వ్యూలో యాంకర్ ఆమె గతాన్నే తిరగేసి మరగేసి అడిగాడు. ఆమిర్ ఖాన్ మీతో నటిస్తాడా అనీ అడిగాడు. సంతోషంగా నటిస్తానని ఆమిర్ ట్విటర్లో జవాబిచ్చారు. మన దగ్గర 2017లో ‘గరుడవేగ’లో పిలుపొచ్చింది, ఐటమ్ సాంగ్‌కి.

షకీలా 2023లో తెలుగు ‘బిగ్ బాస్’ ఏడో సీజన్లోకి వచ్చారు. ఇన్నేళ్లయినా ఏ ఇంటర్వ్యూ చూసినా ఆమెకి ఆ పాత సినిమాల ప్రశ్న తప్పదు. ఆ సినిమాలు కొని, బిట్లు కలిపి, కౌంటర్ నింపుకున్న డిస్ట్రిబ్యూటర్లను, హాలు ఓనర్లను కూర్చోబెట్టి ‘మీరు సిగ్గుపడుతున్నారా’ అని అడిగిన యాంకర్ మాత్రం నాకింతవరకూ కనిపించలేదు.