తమ్ముడి వాటా

శ్రోతలందరికీ నమస్కారం.

కాలువకో, రోడ్డుకో భూమి పోయిన రైతు కోర్టు మెట్లెక్కాడంటే చాలావరకు ఒకటే బాధ: రేటు చాల్లేదు. 1894 నాటి భూసేకరణ చట్టం 18వ సెక్షన్ కింద నడిచే ఈ కేసుల్ని మా కోర్టుల్లో ఎల్.ఏ.ఓ.పి.లు అంటాం. 2014 జనవరి 1 నుంచి కొత్త చట్టం అమల్లోకి వచ్చినా, పాత ఓ.పి.లు తేలనివి ఇంకా ఉన్నాయి. వాటిని లోక్ అదాలత్‌లో రాజీ చేసుకోవచ్చు. అక్కడిచ్చే అవార్డు డిక్రీతో సమానం. దాని మీద అప్పీలు లేదు.

నేను రాజీ పక్షం మనిషిని, ముందే చెబుతున్నా. సర్కారుకూ రాజీలో లాభం ఉంది. పాత చట్టం ప్రకారం కోర్టు పెంచిన సొమ్ముకి, భూమి స్వాధీనం చేసుకున్న రోజు నుంచి మొదటి ఏడాది 9 శాతం, ఆ పైన ఏటా 15 శాతం వడ్డీ కట్టాలి. కేసు 12 ఏళ్ళు సాగితే, పెరిగిన ప్రతి లక్షకీ వడ్డీయే లక్షా 74 వేలు!

అంత చెప్పిన నేనే, రాజీ వద్దన్న ఒక పెద్దాయన సంగతి చెప్పబోతున్నాను.

గోదావరి జిల్లాల్లో ఒక ఊరు. అన్నదమ్ములిద్దరికీ పక్కపక్కనే పొలాలు, ఎవరి పాసుపుస్తకం వాళ్ళదే. ఒకే నోటిఫికేషన్‌తో రెండూ కాలువలోకి పోయాయి. ఎకరానికి లక్షా 20 వేలు కట్టారు. అన్న ఓ.పి. వేశాడు. తమ్ముడు అప్పుడు కువైట్‌లో డ్రైవరు. తిరిగొచ్చేసరికి కేసు వేయడానికున్న ఆరు వారాల గడువు దాటిపోయింది.

ఏళ్ళు గడిచాక లోక్ అదాలత్‌లో బేరం కుదిరింది. ఎకరానికి 2 లక్షల 80 వేలు. బాగుందనే చెప్పాను. కాగితాలు ముందు పెట్టారు. పెద్దాయన కళ్ళజోడు తుడుచుకుని, పెన్ను మూత తీసి, ఆగాడు.

"లాయరు గారూ, నేను సంతకం పెడితే తమ్ముడికీ ఇదే రేటు వస్తుందా?"

రాదండీ. ఇక్కడ కాస్త జాగ్రత్తగా వినండి. పాత చట్టంలో 28ఏ అని ఒక సెక్షన్ ఉంది. కోర్టుకి వెళ్ళని రైతు కూడా, అదే నోటిఫికేషన్ కింద భూమి పోయిన ఇంకొకరికి కోర్టు రేటు పెంచితే, ఆ తీర్పు వచ్చిన మూడు నెలల్లో తనకూ పెంచమని కలెక్టరుకి అర్జీ పెట్టుకోవచ్చు. కానీ అది కోర్టు తీర్పు అయ్యుండాలి. లోక్ అదాలత్‌లో కుదిరిన రాజీ చూపించి అలా అడగడం కుదరదని 2022లో నోయిడా కేసులో సుప్రీంకోర్టు తేల్చేసింది. కోర్టు తీర్పయితే పక్కవాడికి పనికొస్తుంది. రాజీ అయితే పనికిరాదు.

ఇదంతా చెప్పాను. తమ్ముణ్ణి కూడా రాజీలో కలపండని ప్రభుత్వ ప్లీడరుని అడిగాం. కేసే లేని మనిషిని ఎలా కలుపుతామన్నాడు. ఆయన మాటా న్యాయమే.

పెద్దాయన పెన్ను మూత పెట్టేశాడు. నాకు చిరాకేసింది, అబద్ధమెందుకు! చేతికందిన డబ్బు వదులుకుంటున్నాడని ఇంటికెళ్ళి మా ఆవిడతో కూడా అన్నాను.

ఏడాదిన్నరకి తీర్పొచ్చింది. ఎకరానికి 2 లక్షల 60 వేలు. రాజీ కంటే 20 వేలు తక్కువ. సర్కారు అప్పీలుకి పోలేదు.

రాజీకి కూర్చునే రైతులకి నా మనవి ఒక్కటే. సంతకానికి ముందు, మీ నోటిఫికేషన్‌లోనే భూమి పోయి, కేసు వేయకుండా మీ తీర్పు కోసం చూస్తున్నవాళ్ళు ఎవరైనా ఉన్నారా అని లెక్క చూసుకోండి. ఎవరూ లేరా, నిక్షేపంగా రాజీ పడండి. ఉన్నారా, వాళ్ళని పిలిచి విషయం చెప్పి, ఆ తర్వాత మీ ఇష్టం. కొత్త చట్టంలోనూ 73వ సెక్షన్ కింద ఇలాంటి సౌకర్యమే ఉంది, గడువూ మూడు నెలలే. తీర్పు నకలు తీసుకోవడానికి పట్టిన రోజులు మినహాయిస్తారనుకోండి, అయినా అంతవరకూ లాగొద్దు.

తీర్పు చదివిన రోజు సాయంత్రం పెద్దాయన మా ఆఫీసుకొచ్చాడు, వెనకాలే తమ్ముడు. నకలుకి దరఖాస్తు ఇప్పుడే రాయమన్నాడు. "మూడు నెలలుంది కదండీ, రేపు చూద్దాం" అన్నాను.

"ఆరు వారాలుందని వీడూ అప్పుడు కువైట్ నుంచి ఇలాగే అన్నాడు లాయరు గారూ" అని, తమ్ముడి పాసుపుస్తకం తీసుకుని జిరాక్స్ షాపుకి బయల్దేరాడు.