ప్లాన్ మార్చే ముందు ఇంట్లో పెట్టెలు లెక్కపెట్టుకోండి

(ఆదివారం పొద్దున ఫోన్-ఇన్, విజయవాడ స్టూడియో నుంచి. మాట్లాడింది మాట్లాడినట్టే టైప్ చేశా, లైన్ కట్ అయిన చోట వదిలేశా.)

యాంకర్: నమస్కారమండీ. తొమ్మిదైనా కాలేదు, ఎండ అప్పుడే దంచేస్తోంది, పిల్లలెవరూ బయటికెళ్ళే పరిస్థితి లేదు, అందరూ టీవీ ముందే. అందుకే ఇవాళ గేమ్ కన్సోళ్ళ సంగతి. కొన్నాం, పెట్టె విప్పాం, తీరా ఆన్‌లైన్లో ఫ్రెండ్స్‌తో ఆడదామంటే కుదరట్లేదని వారం నుంచి ఒకటే మెసేజులు. గవర్నర్‌పేటలో ఇవన్నీ బాగుచేసే మాస్టారు మన పక్కనే ఉన్నారు. మొదటి కాల్ పటమట నుంచి, చెప్పండి సార్.

కాలర్ (పటమట): హలో... ఆ, వినపడుతోందాండీ? మావాడికి పదమూడేళ్ళండి. సంక్రాంతికి మా తమ్ముడు అమెరికాలో డాలస్ నుంచి వచ్చినప్పుడు పీఎస్ 5, అదే ప్లేస్టేషన్ 5 కన్సోల్ కొన్నాం, వాళ్ళబ్బాయీ మావాడూ కలిసి ఆడుకుంటారని. ఇక్కడ ఉన్నన్నాళ్ళు ఒకే సోఫాలో కూర్చుని బానే ఆడుకున్నారు. వాళ్ళు వెళ్ళిపోయాక మొదలైంది తంటా. గేమ్ డౌన్‌లోడ్ అవుద్ది, యూట్యూబ్ వస్తది, అన్నీ వస్తాయి, కానీ వాడు పార్టీలోకి, అదే ఆడుతూ మాట్లాడుకునే గ్రూపులోకి పిలిస్తే మాత్రం వీడి మాట వాడికి పోదు, వాడి మాట వీడికి రాదు, ఆటలోకి ఇద్దరూ కలిసి ఎక్కలేరు. నేను నెట్ ప్లాన్ వంద ఎంబీపీఎస్ నుంచి రెండొందలకి మార్పించా. నెలకి ఇంకో నాలుగొందలు వదిలాయి తప్ప ఒరిగిందేం లేదు.

మాస్టారు: మార్చేశారా... నేనూ అదే పని చేశానండీ 2021లో, కొత్తగా పీఎస్ 5 మన దేశానికొచ్చిన ఏడాది. మూడొందల ప్లాన్ తీసుకున్నా, పేరు ఎందుకులెండి, ఆ కనెక్షన్ వాళ్ళు సంతోషంగా ఇచ్చారు. ఏం మారలా. ఎందుకంటే ఆడేటప్పుడు చాలా ఆటలకి ఒక ఎంబీపీఎస్ కూడా పట్టదు, స్పీడ్ అంతా గేమ్ దింపుకోడానికే. వంద జీబీ గేమ్ వంద ఎంబీపీఎస్ మీద రెండుంపావు గంటలు పడుద్ది, రెండొందలైతే గంటా ఐదు పది నిమిషాలు. మీరు కట్టే ఆ నాలుగొందలు దానికే. సరే, ఇప్పుడు టీవీ ముందున్నారా?

కాలర్: ఉన్నామండి, మావాడు కంట్రోలర్ పట్టుకునే ఉన్నాడు.

మాస్టారు: సెట్టింగ్స్‌లో నెట్‌వర్క్, అందులో కనెక్షన్ స్టేటస్, అక్కడ టెస్ట్ ఇంటర్నెట్ కనెక్షన్ అని ఉంటది, నొక్కమనండి. చివర్లో న్యాట్ టైప్ అని ఒక లైన్ వస్తది, బయటోళ్ళు మీ కన్సోల్ దాకా రాగలరో లేదో చెప్పేది అదే.

కాలర్: ఒరేయ్ నొక్కరా... తిరుగుతోంది... ఆ, టైప్ 3.

మాస్టారు: అదీ సంగతి. 1 వచ్చినా 2 వచ్చినా బానే ఉన్నట్టు, 3 అంటే మీవాడు బయటికి పిలవగలడు గానీ బయటోళ్ళు మీవాడి దాకా రాలేరు. అవతల వాళ్ళది కూడా 3 అయితే ఇంక అంతే, ఇద్దరూ ఎవరి గుమ్మంలో వాళ్ళు నిలబడి ఎదురుచూడటమే. ఎక్స్‌బాక్స్ అని ఇంకో కంపెనీ కన్సోల్ ఉంది, అందులో దీన్నే స్ట్రిక్ట్ అంటారు. మీ ఇంట్లో ఇంటర్నెట్ పెట్టెలు ఎన్ని?

కాలర్: పెట్టెలంటే... ఫైబర్ అబ్బాయి పెట్టిన తెల్లది ఒకటి, మా బెడ్రూంకి సిగ్నల్ రావట్లేదని కొన్నది ఒకటి, నాలుగు కొమ్ములది.

మాస్టారు: కొమ్ముల దాని పేజీ ఫోన్లో తెరవండి, కింద స్టిక్కర్ మీద అడ్రస్ ఉంటది, 192.168 తో మొదలవుద్ది. అందులో వ్యాన్ ఐపీ అని, అంటే ఆ పెట్టెకి బయటివైపు అడ్రస్, ఎక్కడుందో చూసి నెంబర్ చదవండి.

కాలర్: ఉండండి కళ్ళజోడు... 192.168.1.7.

మాస్టారు: చూశారా, బయటి అడ్రస్ అని అది చెప్పేది కూడా ఇంట్లో అడ్రసే. అంటే ఒక రౌటర్ కింద ఇంకో రౌటర్. అపార్ట్‌మెంట్ గేటు దగ్గర ఒక వాచ్‌మన్, మీ ఫ్లోర్‌లో లిఫ్ట్ పక్కన ఇంకో వాచ్‌మన్. గ్యాస్ బండతను వచ్చి పేరు చెప్తే కిందోడికి మీ ఫ్లాట్ తెలీదు, పంపించేస్తాడు. మీరు కిందకి దిగి మీరే తెచ్చుకుంటే ఇబ్బంది లేదు, డౌన్‌లోడ్ అందుకే అవుతోంది, అది మీరు అడిగితే వచ్చేది. పార్టీ చాట్ అలా కాదు, అవతలోడు వచ్చి తలుపు కొట్టాలి.

కాలర్: మరి కొమ్ములది తీసెయ్యమంటారా? మా ఆవిడ సీరియల్ దాని మీదే.

మాస్టారు: తీయక్కర్లేదు. దాని సెట్టింగుల్లో ఆపరేషన్ మోడ్ అని ఉంటది, రౌటర్ అని ఉన్నదాన్ని యాక్సెస్ పాయింట్ అని మార్చండి, రీస్టార్ట్ అవుద్ది. అప్పుడది అడ్రసులు పంచే పని మానేసి ఉత్త వైఫై ఇస్తది, సీరియల్ ఆగదు. తర్వాత తెల్ల పెట్టె పేజీలోకెళ్ళి యూపీఎన్‌పీ అని ఉంటది, కన్సోల్ అడిగితే రౌటర్ దారి తెరిచేది, అది ఆన్ చేసి, దాని వ్యాన్ ఐపీ ఏముందో రాసుకుని మళ్ళీ ఫోన్ చేయండి. ఆ నెంబర్ మర్చిపోవద్దు, అసలు కథ అక్కడుండొచ్చు.

యాంకర్: లైన్లో గుంటూరు లక్ష్మీపురం నుంచి ఒక తమ్ముడు.

కాలర్ (లక్ష్మీపురం): అన్నా నమస్తే. ఏందంటే, సెకండ్ హ్యాండ్‌లో పీఎస్ 4 తీసుకున్నా. రూమ్‌లో వైఫైకి రెండు పేర్లున్నయ్, ఒకటి మామూలుది, ఒకటి చివర 5జీ అని. నా ఫోన్‌కి రెండూ కనపడతయ్, పీఎస్ 4కి మాత్రం మామూలుదే కనపడుద్ది. అమ్మినోడు చెడిపోయింది అంటగట్టాడా ఏందన్నా?

మాస్టారు: కింద స్టిక్కర్ మీద మోడల్ నెంబర్ చూడు తమ్ముడూ. సీయూహెచ్ అని ఉండి పక్కన అంకెలుంటయ్.

కాలర్: 12... 1200 సిరీస్ అన్నా.

మాస్టారు: అయితే చెడిపోలా. 1తో మొదలైతే మొదటి మోడల్, లావుది. వాటికి 2.4 గిగాహెర్ట్జ్ వైఫై ఒక్కటే పడుద్ది, 5 కనపడనే కనపడదు. 2తో మొదలయ్యే స్లిమ్‌కి, 7తో మొదలయ్యే ప్రోకి రెండూ వస్తయ్. ఆ పేరు చివర 5జీ అంటే 5 గిగాహెర్ట్జ్ అని, సెల్ టవర్ 5జీ కాదు, అది వేరే గోల, చాలామంది అక్కడ తికమక పడతారు. మీ రూమ్ చుట్టూ ఎన్ని వైఫైలు కనపడతన్నయ్?

కాలర్: ఇరవై పైన ఉంటయ్ అన్నా, అన్నీ హాస్టళ్ళే.

మాస్టారు: ఇంకేం, అందరూ అదే 2.4 మీద అరుస్తుంటారు. రౌటర్లో ఛానల్ 1, 6, 11 మూడింట్లో ఏది ఖాళీగా ఉంటే అది పెట్టు, కాస్త నయం. కానీ నా మాట విని ఒక క్యాట్ 6 అనే నెట్ కేబుల్ పదిహేను మీటర్లది కొనుక్కో, తలుపు కింద నుంచి లాగు. ఓనర్ గారు గోడకి బెజ్జం వద్దంటే ఫ్లాట్ కేబుల్ దొరుకుద్ది, చాప కింద పోతది. వైఫైలో ఆట గంటసేపు బానే ఉండి, అవతలోడు మీదికొచ్చినప్పుడే ఆగుద్ది, అదేం శాపమో.

కాలర్: కరెక్టన్నా, అప్పుడే ఆగుద్ది!

మాస్టారు: ఇంకోటి, అది సెకండ్ హ్యాండ్ అన్నావ్, మీ అకౌంట్‌తో ఆన్‌లైన్‌లోకి వెళ్ళి చూశావా? పాత ఓనర్ ఏదో వెధవ పని చేసి కన్సోల్‌నే బ్యాన్ చేయించుకుని ఉంటే ఏ అకౌంట్ పెట్టినా పోదు. కొనేటప్పుడే అక్కడే హాట్‌స్పాట్ పెట్టి సైన్ ఇన్ చేసి చూస్కోవాలి. మన దగ్గర చాలామంది సీడీ తిరిగిందా లేదా చూసి డబ్బులిచ్చేస్తారు.

కాలర్: సైన్ ఇన్ అవుతోందన్నా. ప్లేస్టేషన్ ప్లస్ అని చందా ఉందిగా, అది కొనాలా మరి?

మాస్టారు: డబ్బులు పెట్టి కొన్న ఆటని ఆన్‌లైన్లో ఆడాలంటే ప్లేస్టేషన్ ప్లస్ ఉండాలి, మామూలు ఎసెన్షియల్ చాలు. ఫోర్ట్‌నైట్, రాకెట్ లీగ్ లాంటి ఫ్రీ ఆటలకి అక్కర్లా. ముందు వాటితో కనెక్షన్ సరి చూస్కుని అప్పుడు ప్లస్ కట్టు. గిఫ్ట్ కార్డ్ కొంటే ఇండియా అకౌంట్‌కి ఇండియాదే కొను, వేరే దేశానిది తక్కువకొచ్చిందని కొంటే ఎక్కదు. అకౌంట్ దేశం కూడా ఒకసారి పెట్టాక మారదు, గుర్తుపెట్టుకో.

యాంకర్: బ్రాడీపేట నుంచి ఒక పెద్దావిడ చాలాసేపట్నుంచి లైన్లో ఉన్నారు. చెప్పండమ్మా.

కాలర్ (బ్రాడీపేట): నాయనా, నాకిదంతా తెలీదు. మా మనవడు ఆన్‌లైన్ ఆట పెట్టించమని వాళ్ళ నాన్న ప్రాణం తీస్తన్నాడు. ఆన్‌లైన్ అంటే ఆ పేకాటేగా? మా వీధిలో ఒకాయన దాంతోనే అప్పులపాలయ్యాడు. వద్దని చెప్పు నాయనా మా వాళ్ళకి, నువ్వు చెప్తే వింటారు.

మాస్టారు: పెద్దమ్మా, అది వేరు ఇది వేరు. డబ్బులు కాసే పేకాటని మన రాష్ట్రంలో 2020లోనే ఆపారు, 2025 ఆగస్టులో ఢిల్లీలో కూడా చట్టం చేశారు. ఇది డబ్బులు కాసేది కాదు, క్యారమ్స్ ఆడినట్టే, బోర్డు టీవీలో ఉంటది అంతే. కానీ మీ భయం ఉత్తదని కూడా అననమ్మా. ఆటలో చొక్కాలనీ తుపాకులనీ అమ్ముతారు, వాటికి నిజం డబ్బులే పోతయ్. దానికో మార్గం ఉంది. మీ అబ్బాయిని తన పేరు మీద ఒక అకౌంట్ తెరిచి, దాని కింద మనవడికి పిల్లల అకౌంట్ పెట్టమనండి. పిల్లల అకౌంట్‌కి నెల ఖర్చు సున్నా నుంచే మొదలు, మీ అబ్బాయి పెంచితేనే పెరుగుద్ది. మనవడికి ఎన్నేళ్ళు?

కాలర్: పదకొండు. వాడు పద్దెనిమిదని పెట్టమంటన్నాడంట.

మాస్టారు: (నవ్వు) అందరూ అదే పెడతారు. అసలు వయసే పెట్టమనండి. పెద్దోడని పెడితే ఈ తాళాలేవీ ఉండవు, ముక్కూ మొహం తెలీనోళ్ళు మైకులో తిట్టే తిట్లన్నీ వింటాడు. పిల్లల అకౌంట్ అయితే ఎవరితో మాట్లాడాలి, రోజుకి ఎంతసేపు ఆడాలి, అన్నీ నాన్న ఫోన్లోంచే పెట్టొచ్చు.

కాలర్: గంట పెట్టొచ్చా?

మాస్టారు: పెట్టొచ్చమ్మా.

కాలర్: అరగంట?

యాంకర్: పెద్దమ్మా, అరగంటలో అప్‌డేట్ కూడా అవ్వదు, పాపం గంట ఇవ్వండి... హలో? పెట్టేశారు. భవానీపురం నుంచి ఇంకొకరు... కట్ అయింది. ఆ, పటమట సారు మళ్ళీ వచ్చారు.

కాలర్ (పటమట): మాస్టారూ, యాక్సెస్ పాయింట్ చేశా. సీరియల్ ఆగలా, అది మాత్రం థ్యాంక్స్. కానీ టెస్ట్ చేస్తే మళ్ళీ టైప్ 3నే వస్తోంది.

మాస్టారు: తెల్ల పెట్టె నెంబర్ రాశారా?

కాలర్: రాశా. 100.72. తర్వాత ఏవో.

మాస్టారు: అనుకున్నా. 100.64 నుంచి 100.127 దాకా ఉన్న అడ్రసులు కనెక్షన్ ఇచ్చేవాళ్ళు లోపల్లోపల వాడుకునేవి, సీజీన్యాట్ అంటారు. ప్రపంచంలో పాత రకం అడ్రసులు అయిపోయినయ్, అందుకని ఒక్క అడ్రస్ వెనకాల వందల ఇళ్ళని కూర్చోబెడతారు. మీ ఇంట్లో ఒక వాచ్‌మన్ని ఇప్పుడు తీసేశాం, మీ పేట మొత్తానికి ఇంకొకడున్నాడు, వాడు మన చేతిలో లేడు. యూట్యూబ్‌లో 3478, 3479 పోర్టులు, అంటే రౌటర్‌లో నెంబర్లేసిన తలుపులు, తెరవండని వీడియోలుంటయ్, మీకు ఉపయోగం లేదు, వీధి గేటుకి తాళం ఉంటే మీ గుమ్మం తీసి ఏం లాభం.

కాలర్: ఇంక దారి లేదాండీ?

మాస్టారు: ఉంది. ఆపరేటర్‌కి ఫోన్ చేసి నెట్ స్లో అనొద్దు, అంటే వచ్చి వైరు పీకి మళ్ళీ పెట్టి పోతాడు. నాకు పబ్లిక్ స్టాటిక్ ఐపీ కావాలి అని ఈ మాటే అనండి, అంటే ఎవరితో పంచుకోకుండా మీ ఒక్కరికే ఉండే, మారని బయటి అడ్రస్. నెలకి కొంత అదనంగా అడుగుతారు. ఆ రెండొందల ప్లాన్ తీసేసి మళ్ళీ వందకి దిగి, ఆ మిగిలిన డబ్బుతో ఇది తీసుకోండి. మీ ఖర్చు పెరగదు, ఒక్కోసారి తగ్గుద్ది కూడా.

కాలర్: అప్పుడు డాలస్‌తో బ్రహ్మాండంగా ఆడొచ్చా?

మాస్టారు: మాటలు బ్రహ్మాండంగా వినపడతయ్. ఆట గురించి అబద్ధం చెప్పను. ఫైబర్లో వెలుతురు వెయ్యి కిలోమీటర్లు పోయి రావడానికి పది మిల్లీసెకన్లు పడుద్ది. డాలస్ దాదాపు పద్నాలుగు వేల కిలోమీటర్లు, అంటే తీగ తిన్నగా వేసినా నూటనలభై, నిజానికి సముద్రాలు చుట్టి పోయేసరికి అంతకంటే చాలా ఎక్కువ. ఏ ప్లాన్ తీసుకున్నా అది తగ్గదు. బెంజి సర్కిల్ నుంచి రోడ్డు ఎన్ని లైన్లు వేసినా గుంటూరు దగ్గరికి రాదుగా. తుపాకుల ఆటలో సర్వర్ డాలస్ వైపుంటే మీవాడు చూసేలోపే పడిపోతాడు. ఇద్దరూ ఒక జట్టుగా ఉండి, అవతలి జట్టుగా కంప్యూటర్‌ని పెట్టుకుని ఆడేవి, నిదానంగా కట్టుకునేవి అయితే ఆలస్యం పెద్దగా తెలీదు. మైన్‌క్రాఫ్ట్ ఇద్దరికీ ఇష్టమేనా?

కాలర్: మావాడు తల ఊపుతున్నాడు... అక్కడ ఇప్పుడు శనివారం రాత్రి పదిన్నరండి, వాడు ఇంకా పడుకోలేదంట, మెసేజ్ పెట్టాడు. అందుకే ఆపరేటర్‌కి అప్పుడే ఫోన్ చేసేశా, మీరు చెప్పకముందే, పెట్టె చూడమని. పదింటికి వస్తానన్నాడు.

యాంకర్: ఏ రోజు పదింటికో అడిగారా సార్?

కాలర్: ...అడగలేదండి.