ఏడున్నర తిప్పులు

(గ్రంథాలయ వారోత్సవాల్లో, విశాఖపట్నంలోని ఒక శాఖా గ్రంథాలయంలో చేసిన ప్రసంగం)

అధ్యక్షులవారికి, వేదిక మీది పెద్దలకు, ముందు చాప మీద కూర్చున్న పిల్లలకు నమస్కారం. పెద్దల పేర్లన్నీ చదవమని కాగితం ఇచ్చారు. నాకిచ్చింది ఇరవై నిమిషాలు, కాగితంలో పద్నాలుగు పేర్లున్నాయి. వారు నన్ను మన్నించాలి.

నాకు అప్పగించిన విషయం 'కల్పిత కథల్లో దారి చూపే యంత్రాలు'. కాలం గాడి తప్పిన మాయాలోకం, దాన్ని కుదుటపరిచే ఒక దిక్సూచి. లైబ్రేరియన్ గారు ఇలాంటి పుస్తకాలు నాలుగు ఇచ్చారు, చదివాను. నాలుగింటిలోనూ యంత్రం ధగధగా మెరుస్తుంది, ముల్లు గిర్రున తిరుగుతుంది, లోకం బాగుపడుతుంది. దానికి కీ ఇచ్చేవాడు మాత్రం ఒక్క కథలోనూ లేడు.

నేను ఓడల్లో సెకండ్ ఆఫీసరుగా చేశాను. దారి లెక్కలు, గడియారాల ఆలనాపాలనా ఆ ఉద్యోగిదే. ఆ గడియారాన్ని క్రోనోమీటర్ అంటారు. ప్రతిరోజూ ఉదయం 8 గంటలకు చెక్కపెట్టె మూత తెరిచి, ఇత్తడి గిన్నెను ఎడమచేత్తో మెల్లగా బోర్లించి, అడుగున ఉన్న చిన్న రేకు జరిపి, తాళంచెవి పెట్టి ఎడమవైపుకు తిప్పాలి. ఏడు తిప్పులు. ఎనిమిదోది సగంలో ఆగుతుంది. ఆగిందని వేలికి తెలియాలి. బలం చేశామా, లోపల గొలుసు తెగుతుంది.

ఇంత భక్తి ఎందుకంటే, సముద్రంలో ఓడ తూర్పుపడమరల్లో ఎక్కడుందో ఈ గడియారపు సమయంతోనే లెక్క కట్టాలి. భూమి 4 నిమిషాలకు ఒక డిగ్రీ తిరుగుతుంది. భూమధ్యరేఖ దగ్గర గడియారంలో 4 సెకన్లు తేడా వస్తే, లెక్కలో ఓడ ఒక సముద్రపు మైలు పక్కకు జరిగినట్టే. తీరం దగ్గర రాయికి అంత దూరం అక్కర్లేదు.

ఇప్పుడు అసలు సంగతి. ఆ గడియారం సరైన సమయం చూపించదు! రోజుకు 2 సెకన్లు వెనకబడుతుంది. మేము దాన్ని సరిచేయం, ముల్లు ముట్టుకోం. రేడియోలో సమయం విని, తేడా ఎంతో పుస్తకంలో రాసుకుంటాం. వెనకబడితే పరవాలేదు, ప్రతిరోజూ అంతే వెనకబడాలి. 1761లో జాన్ హారిసన్ అనే వడ్రంగి చేసిన గడియారాన్ని జమైకా వెళ్లే ఓడ ఎక్కించారు. 81 రోజుల్లో 5 సెకన్లే తప్పిందని గొప్పగా చెబుతారు. రోజుకు ఇంత వెనకబడుతుందని ముందే కట్టిన లెక్క తీసేశాక మిగిలిన తప్పు అది.

కథలు రాసేవారికి నా మనవి కూడా ఇదే. మీ యంత్రం కాలపు వంకరను మాయం చేయనక్కర్లేదు. ఎంత వంకరో చెబితే చాలు, మనిషి దారి వెతుక్కుంటాడు.

పురాణంలో రైవతుడనే రాజు కథ మనకు తెలిసిందే. కూతురు రేవతికి వరుణ్ణి అడుగుదామని బ్రహ్మలోకానికి వెళ్లాడు. అక్కడ పాట జరుగుతోంది, కాసేపు ఆగాడు. ఈలోగా కింద 27 మహాయుగాలు గడిచిపోయాయి. పాపం, అనుకున్న వరులు కాదు కదా, వాళ్ల మునిమనవలు కూడా లేరు. ఎంత గడిచిందో లెక్క చెప్పింది బ్రహ్మ ఒక్కడే. బలరాముడికి ఇచ్చి పెళ్లి చేశారు. పాత యుగపు పిల్ల తాటిచెట్టంత పొడవు, అందుకని ఆయన నాగలి కొనతో తగ్గించుకున్నాడట. రెండు కాలాల తేడాను సర్దిన యంత్రం నాగలి! అంత గొప్ప ఊహ ఆ నాలుగు పుస్తకాల్లో నాకు దొరకలేదు.

నా కథ సంగతీ చెప్పాలి. అధ్యక్షులవారు నవ్వుతున్నారు, ఆయన ఇది మూడుసార్లు విన్నారు. ఒక దీవి. తూర్పు రేవులో ఇవాళ అయితే పడమటి రేవులో పోయిన ఏడాది. మధ్యలో ఒక ఇత్తడి పెట్టె, దానికి రోజూ కీ ఇచ్చే పదేళ్ల పిల్ల. ఒకరోజు పిల్లకు జ్వరం. తెల్లారేసరికి వాళ్ల నాయనమ్మ ఓణీ వేసుకుని ముగ్గు పెడుతోంది. పిల్లల పత్రికకు పంపాను. తిరిగి వచ్చింది. 'మాయపెట్టెకు తాళంచెవి ఎందుకు? రోజూ తిప్పడం పిల్లలకు విసుగు' అని కార్డు. పదకొండేళ్లయింది, ఆ కార్డు ఇంకా నా దగ్గరే ఉంది. విసుగా? ఆ విసుగు మీదే ఓడలు నడిచాయండీ!

ఆ చివర ఎర్రచొక్కా బాబూ, నీ వాచీలో ఎంతైంది? ఆరుంపావు. అది 82½ డిగ్రీల తూర్పు రేఖాంశం మీది సమయం, దేశమంతా దాన్నే వాడుతుంది. మనం దానికి తూర్పున ఉన్నాం, విశాఖ అసలు సమయం 3 నిమిషాలు ముందుంటుంది. మనమందరం కాలపు వంకరలోనే కూర్చున్నాం. 1840లో గోడే వెంకట జగ్గారావు గారు డాబా గార్డెన్స్‌లో నక్షత్రాలను పరిశీలించే వేధశాల కట్టారు. డాల్ఫిన్స్ నోస్ కొండ మీద జెండాతో సమయం తెలియజేసే ఏర్పాటు చేశారు. మన ఊరి యంత్రం అది. దాని మీద ఒక్క పిల్లల కథ రాకపోవడం నాకు మింగుడుపడదు.

గంట కొట్టారు, ముగిస్తాను. ఉపగ్రహాల పరికరాలు వచ్చాక మా ఓడ గడియారాన్ని దింపేశారు. తాళంచెవి నా జేబులో ఉండిపోయింది, దొంగతనం అన్నా ఒప్పుకుంటాను. ఇదిగో. పిల్లలూ, ఒకరి తరవాత ఒకరు పట్టుకుని చూడండి. ఎడమవైపుకు, ఏడున్నర. చూశాక నాకే తెచ్చివ్వండి.