సమ్మన్లు వచ్చినయ్ సరే, కొట్లాడనీకి కూడా పర్మిషన్ కావాల్నా?

హోస్ట్: అన్నా, డైరెక్ట్‌గ పాయింట్‌కి వద్దాం. మన మీద కేసు వేస్తే మనం జవాబు చెప్పుకోవాలె గదా, దానికి కూడా కోర్టును అడగాల్నా?

లాయర్: అన్ని కేసుల్ల కాదు తమ్మీ. మామూలు దావాల 30 రోజుల్ల జవాబు వేస్తవ్, కోర్టు ఒప్పుకుంటే 90 దాకా పోతది. కానీ ప్రోనోటు, చెక్కు, హుండీ (గుడిది కాదు, వ్యాపారుల చెల్లింపు చీటీ), లేకపోతే ఇంత అని రాసుకున్న అగ్రిమెంట్, వీటి మీద బాకీ వసూలుకి సీపీసీల, అంటే సివిల్ కేసులు నడిపే చట్టంల, ఆర్డర్ 37 అని ఉంటది, సమ్మరీ సూట్ అంటం. అండ్ల లీవ్ టు డిఫెండ్, అంటే కొట్లాడనీకి కోర్టు పర్మిషన్, దొరక్కపోతే నువ్వు నోరు తెరవనీకి లేదు, ఎదుటోడికి డిక్రీ అయిపోతది.

హోస్ట్: అంటే వకాలత్ వేస్తే సరిపోదా?

లాయర్: గాడనే మునుగుతరు జనం. రెండు గడువులుంటయ్. సమ్మన్లు అందినంక 10 రోజుల్ల నేనున్నా అని అప్పియరెన్స్ వెయ్యాలె, నోటీసులకు అడ్రస్ ఇయ్యాలె. అప్పుడు అవతలోడు సమ్మన్స్ ఫర్ జడ్జిమెంట్ అని, అంటే నాకు తీర్పు ఇయ్యాలె అని ఇంకో నోటీసు పంపుతడు, అది అందినంక మళ్ల 10 రోజుల్ల లీవ్ కోసం అఫిడవిట్. నా దగ్గరికి బేగంబజార్ల కిరాణా హోల్‌సేల్ చేసేటాయన ఒకాయన వచ్చిండు, మొదటి 10 రోజులు మంచిగనే చేసిండు, కానీ అడ్రస్ ఏమిచ్చిండో తెలుసా, ఖాళీ చేసిన పాత షాపుది! నువ్విచ్చిన అడ్రస్‌ల కాయితం పెట్టి పోయినా అందినట్టే లెక్క. ఆ రెండో నోటీసు గాడికే పోయింది, ఆయన అది చూడనే లేదు, డిక్రీ అయింది, ఈపీ, అంటే డిక్రీ అమలు చెయ్యమని పిటిషన్, వేసినంక పురానీ హవేలీ కోర్టుకు ఉరికిండు.

హోస్ట్: అయ్యో. సరే టైంకి అడిగితే ఇస్తరా మరి?

లాయర్: ఇస్తరు. సుప్రీంకోర్టు 2022ల బి.ఎల్. కశ్యప్ కేసుల ఖరాఖండిగ చెప్పింది, లీవ్ ఇచ్చుడే మామూలు రూలు, కాదనుడు ఎప్పుడో ఒకసారి అని. కానీ అఫిడవిట్ల దమ్ముండాలె. అంతా అబద్ధం, సంతకం నాది కాదు అని రెండు లైన్లు రాస్తే ఏమొస్తది? ఎప్పుడు తీసుకున్నవ్, ఎంత తిరిగి కట్టినవ్, ఫోన్‌పే స్క్రీన్‌షాట్, బ్యాంక్ స్టేట్‌మెంట్, ఖాళీ నోటు మీద సంతకం పెట్టిచ్చుకుంటే ఎందుకు పెట్టినవ్, అన్నీ రావాలె. గట్టి పాయింట్ ఉంటే షరతుల్లేకుండ ఇస్తరు. పాయింట్ ఉంది గానీ నీ నియ్యత్ మీద డౌట్ ఉంటే పైసలు డిపాజిట్ చెయ్యమంటరు, లేదా సెక్యూరిటీ అడుగుతరు. ఉత్త టైంపాస్ అనిపిస్తే లేదు ఫో అంటరు.

హోస్ట్: 8 లక్షల దావా అనుకో, 3 లక్షలు నిజంగనే ఇయ్యాలె అని మనమే ఒప్పుకుంటే?

లాయర్: ఆ 3 లక్షలు ముందు కోర్టుల కట్టాలె, అప్పుడే లీవ్. ఒప్పుకున్నది ఆపుకోని మిగతాదానికి కొట్లాడతా అంటే నడవదు.

హోస్ట్: గడువు దాటిపోతే ఇగ అంతేనా?

లాయర్: సరైన కారణం చూపిస్తే ఆలస్యం మాఫ్ చెయ్యొచ్చు. డిక్రీ అయినంక కూడా అదే ఆర్డర్ 37ల రూల్ 4 కింద కొట్టెయ్యమని అడగొచ్చు, కానీ అప్పుడు మామూలు కారణం చాలదు, స్పెషల్ పరిస్థితులు చూపాలె, లీవ్ దొరికేంత డిఫెన్స్ కూడా ఉందని చూపాలె. షాపాయనది ఇప్పుడు గదే నడుస్తుంది, పాపం.

హోస్ట్: అన్నా... మా బామ్మర్ది ఇంట్ల ఫ్రిజ్ మీద ఒక కోర్టు కవర్ చూసిన మొన్న. ఆటో కోసం ఎవరికో నోటు రాసిచ్చిండు.

లాయర్: ఎప్పుడొచ్చిందంట?

హోస్ట్: పోయిన వారం మంగళవారం.

లాయర్: ఇయ్యాల గురువారం. తొమ్మిదో రోజు తమ్మీ! రికార్డింగ్ ఆపి ఆయనకు ఫోన్ కొట్టు ముందు.