మీరు కోర్టులో గెలిచారా, పెళ్లిచూపులకు వెళ్లారా?

నమస్తే. నాకు వచ్చే ఫోన్లలో సగం ఒకటే మాట: "సార్, హైకోర్టులో గెలిచాం. ఆఫీసర్ చేయట్లేదు. కంటెంప్ట్ వేసి జైలుకు పంపిద్దాం." కంటెంప్ట్ అంటే కోర్టు ధిక్కరణ కేసు.

ఆ "గెలిచాం" దగ్గరే నాకు చిరాకు మొదలవుతుంది. ఆర్డర్ పంపమంటాను. చివరి పేరాలో ఏముంటుంది? "పిటిషనర్ రిప్రజెంటేషన్‌ను (అర్జీని) కన్సిడర్ చేసి (పరిశీలించి), చట్టప్రకారం నాలుగు వారాల్లో తగిన ఉత్తర్వులు ఇవ్వండి." అంతే. ఇది పెళ్లి కాదండీ, పెళ్లిచూపులు!

తాతయ్య మనవడితో "ఆదివారంలోగా వెళ్లి ఆ సంబంధం చూసి, ఏ సంగతో చెప్పు" అన్నాడు. వాడు వెళ్లాడు, కాఫీ తాగాడు, వచ్చి "నచ్చలేదు" అన్నాడు. తాతయ్యకు ఒళ్లు మండొచ్చు. కానీ "నా మాట దాటాడు" అనలేడు కదా. ఆఫీసర్ కూడా అంతే. మూడో వారంలో "మీ అభ్యర్థన తిరస్కరించడమైనది" అని ప్రొసీడింగ్స్ ఇచ్చాడంటే ఆర్డర్ అమలైనట్టే. ఆ తిరస్కరణ తప్పనుకుంటే మళ్లీ హైకోర్టులో రిట్ పిటిషన్ వేసుకోవాలి. 1996లో జె.ఎస్. పరిహార్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది ఇదే: అది కొత్త తగాదా, కంటెంప్ట్‌లో దాని తప్పొప్పులు చూడరు.

మరి మనవడు అసలు వెళ్లకపోతే? అప్పుడు ధిక్కరణ. అక్కడా ఒక మెలిక ఉంది. 1971 కోర్టు ధిక్కరణ చట్టం సెక్షన్ 2(బి) ప్రకారం అది ఉద్దేశపూర్వకంగా చేసిందై ఉండాలి. "బస్సు తప్పింది తాతయ్యా" వేరు, "వెళ్లను, ఏం చేస్తావ్" వేరు. అసలు తాతయ్య మాట వాడి చెవిన పడిందా అన్నది ఇంకో ప్రశ్న. అందుకే కోర్టు ఇచ్చే ఆర్డర్ సర్టిఫైడ్ కాపీ ఆఫీసులో కాగితాలు తీసుకునే ఇన్‌వార్డ్‌లో ఇచ్చి, మీ దగ్గరుండే కాపీ మీద గుండ్రటి సీలు, తేదీ, క్లర్కు పొట్టి సంతకం వేయించుకోండి. చాలా ఆర్డర్లలో నాలుగు వారాల లెక్క ఆ కాపీ అందిన రోజు నుంచే.

కొన్నిసార్లు కోర్టు చూపులతో ఆగదు, నేరుగా తాళి కట్టమంటుంది. బడి ఆవరణల్లోంచి గ్రామ సచివాలయాలు తీసేయమన్నా తీయలేదని 2022లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఎనిమిది మంది ఐఏఎస్‌లకు రెండు వారాల జైలు వేసింది. క్షమాపణ చెప్పాక, ఏడాదిపాటు నెలకో ఆదివారం సంక్షేమ హాస్టల్‌లో సేవగా మార్చింది. చట్టంలో గరిష్ఠ శిక్ష ఆరు నెలలు, జరిమానా 2,000 రూపాయలు. ఇప్పుడు ఆ జరిమానాకు ఆఫీసర్ కారు డీజిల్ కూడా రాదు! అయినా స్వయంగా రమ్మని నోటీసు అందిందంటే, నెలలుగా కదలని ఫైలు వాయిదా ముందురోజు సాయంత్రానికి సంతకమై ఉంటుంది. జైలు కన్నా కోర్టు హాల్లో నిలబడటమే వాళ్లకు టెన్షన్.

టైమ్ అయిపోతోంది, మిగతాది గబగబా చెప్పేస్తా. ఆఫీసర్లు "అప్పీలు వేశాం" అంటే సరిపోదు, స్టే (ఆర్డర్ అమలు ఆపే ఉత్తర్వు) ఉండాలి. పెదనాన్నకు చెప్పుకున్నంత మాత్రాన తాతయ్య మాట రద్దవదు. కంటెంప్ట్ ఏడాదిలోపే వేయాలి, అదే చట్టం సెక్షన్ 20. రిప్రజెంటేషన్లు ఇస్తూ కూర్చుంటే ఆ ఏడాది దాటిపోతుంది.

ఇకమీదట నాకు ఆర్డర్ పంపేవాళ్లు మొదటి పేజీ వద్దు, చివరి పేరా ఫొటో తీసి పంపండి.