రేషన్ సంచిలోకి మన మెట్ట పంటలు

(ప్రపంచ ఆహార దినోత్సవం సందర్భంగా కనిగిరిలో చేసిన ప్రసంగ పాఠం)

వేదిక మీదున్న పెద్దలకు, అంగన్‌వాడీ కార్యకర్తలకు, బడుల్లో వంట చేసే అక్కచెల్లెళ్ళకు, పొలం పనులు పక్కన పెట్టి వచ్చిన రైతు సోదరులకు నమస్కారం.

ఒక్క ప్రశ్న మీ ముందు పెట్టడానికి వచ్చాను. ఈ పడమటి ప్రకాశంలో నేలకు అనువైన పంట ఒకటి, ప్రభుత్వం కొనే పంట ఇంకొకటి, మన పిల్లల కంచంలో పడే తిండి మరొకటి. ఈ మూడూ ఇంత దూరం ఎందుకు జరిగాయి? వీటిని మళ్ళీ దగ్గరకు చేర్చే దారి చట్టంలోనే ఉంది. ఆ దారిన మనం ఎందుకు నడవడం లేదు?

ముందే చెబుతున్నాను, బియ్యాన్ని నేను తక్కువ చేసి మాట్లాడను. 1983లో ఎన్.టి. రామారావు గారి ప్రభుత్వం కిలో రెండు రూపాయల బియ్యం ఇచ్చేనాటికి, పండగకో పబ్బానికో తప్ప వరన్నం వండని ఇళ్ళు ఈ మెట్ట ప్రాంతంలో చాలా ఉండేవి. ఆ బియ్యం ఎన్నో ఇళ్ళలో పస్తులు తప్పించింది. 2013లో జాతీయ ఆహార భద్రత చట్టం వచ్చాక అది ప్రభుత్వ దయ కాకుండా హక్కు అయింది. మనిషికి నెలకు ఐదు కిలోల ధాన్యం. 2023 జనవరి నుంచి అదీ ఉచితం. ఇంత పెద్ద ఆహార పంపిణీ ప్రపంచంలో అరుదు. దీన్ని తీసేయాలనే వాళ్ళ పక్కన నేను నిలబడను.

అయితే లెక్క చూడండి. నెలకు ఐదు కిలోలంటే రోజుకు సుమారు 165 గ్రాముల బియ్యం. కడుపు నింపడానికి అది కొంత సాయం, ఒంటికి బలం ఇవ్వడానికి చాలదు. హైదరాబాదులోని జాతీయ పోషకాహార సంస్థ 2024లో ఆహార మార్గదర్శకాలు విడుదల చేసింది. ఒక మనిషి రోజుకు తినే శక్తిలో ధాన్యాల వాటా 45 శాతం దాటకూడదని అందులో చెప్పారు. శాకాహార భోజనంలో పప్పులు రోజుకు 85 గ్రాములు ఉండాలన్నారు. ఈ 85 గ్రాములను నెలకు లెక్కేయండి. మనిషికి రెండున్నర కిలోలు, నలుగురున్న ఇంటికి పది కిలోలు! కందిపప్పు పండే జిల్లా మనది. ఈ సభలో ఉన్నవాళ్ళలో ఎందరి ఇంట్లో నెలకు పది కిలోల పప్పు ఉడుకుతోంది?

ఉడకడం లేదు కాబట్టే రక్తం లేదు. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం మన రాష్ట్రంలో 15 నుంచి 49 ఏళ్ళ మహిళల్లో 58.8 శాతం మందికి రక్తహీనత. ఐదేళ్ళలోపు పిల్లల్లో 63.2 శాతం. ఆ వయసు పిల్లల్లో 31.2 శాతం మంది వయసుకు తగ్గ ఎత్తు పెరగలేదు. బియ్యం అందని రాష్ట్రం కాదిది. బియ్యం అందుతున్న రాష్ట్రంలో పరిస్థితి ఇది.

ఈ గొడవ కొత్తది కాదు. 1876-78 మధ్య దక్షిణాదిని ఊడ్చేసిన ధాత కరువు గురించి పెద్దలు చెప్పగా వినే ఉంటారు. నెల్లూరు జిల్లా కూడా ఆ కరువు వాత పడింది. అప్పుడు ఒంగోలు, కనిగిరి, పొదిలి అన్నీ నెల్లూరు జిల్లాలోనివే. కరువు పనికి వచ్చిన కూలీకి రోజుకు ఒక పౌను ధాన్యం, అంటే సుమారు 450 గ్రాములు, పైన కొద్దిపాటి చిల్లర చాలని, బ్రిటిష్ ప్రభుత్వం కరువు పరిశీలనకు పంపిన అధికారి సర్ రిచర్డ్ టెంపుల్ తేల్చాడు. మద్రాసు పారిశుద్ధ్య కమిషనర్‌గా ఉన్న వైద్యుడు కార్నిష్ దానికి ఒప్పుకోలేదు. ధాన్యం పెంచాలి, దాంతో పాటు పప్పులూ కూరగాయలూ ఉండాలి, లేకపోతే మట్టి మోసే మనిషి బతకడు అని వాదించాడు. ఆ వాదన నాకు పదే పదే గుర్తుకొస్తుంది. మనిషి తిండిని ధాన్యం బరువుతో కొలవాలా, కంచంలో ఏమేం ఉన్నాయన్న దానితో కొలవాలా? నూట యాభై ఏళ్ళ కింద ఈ నేల మీదే మొదలైన ఆ తగువు ఇంకా తేలలేదు.

రక్తహీనతకు ప్రభుత్వం వెతికిన మందు బలవర్ధక బియ్యం. 2021 ఆగస్టు 15న ప్రధానమంత్రి ప్రకటించారు, 2024 మార్చి నాటికి పథకాల బియ్యమంతా అలా మార్చారు. దీని గురించి ఊళ్ళలో ఉన్న భయం మీకు తెలుసు. చేటలో బియ్యం పోసి చూస్తే అక్కడక్కడా రంగు తేడాగా ఉన్న గింజలు కనిపిస్తాయి. కడిగేటప్పుడు కొన్ని పైకి తేలుతాయి. ప్లాస్టిక్ బియ్యం కలిపారని వాటిని ఏరి పెంటకుప్ప మీద పారేసే వాళ్ళున్నారు. అమ్మా, అవి ప్లాస్టిక్ కాదు. బియ్యప్పిండిలో ఇనుము, ఫోలిక్ ఆమ్లం, బి12 విటమిన్ కలిపి, యంత్రంలో మళ్ళీ గింజలుగా ఒత్తినవి. వంద కిలోల మామూలు బియ్యానికి ఒక కిలో కలుపుతారు. బలం ఉన్నది ఆ గింజల్లోనే. వాటిని ఏరి పారేస్తే మిగిలేది ఉత్త బియ్యం. ఇంత పెద్ద మార్పు తెచ్చినప్పుడు ఆ గింజను చేతిలో పెట్టి చూపించి చెప్పే మనిషి ప్రతి రేషన్ దుకాణం దగ్గరా ఉండాల్సింది. ఆ పని సరిగా జరగలేదు, భయం పాతుకుపోయింది.

కానీ నా అసలు అభ్యంతరం వేరు. మరపట్టిన నూరు గ్రాముల బియ్యంలో ఇనుము ఒక మిల్లీగ్రాము కూడా ఉండదు. అంతే బరువు సజ్జల్లో ఆరు మిల్లీగ్రాములకు పైగా ఉంటుంది. రాగుల్లో నాలుగున్నర. వాటితో పాటు పీచు, మాంసకృత్తులు, ఇంకా అనేక ఖనిజాలు. ఇనుము ఉన్న గింజ మన చెలకలోనే పండుతుంటే, దాన్ని కొనకుండా వదిలేసి, లేని గింజలోకి ఇనుము ఎక్కించి తెచ్చుకుంటున్నాం. ఇదేం పద్ధతి?

ఇక పొలం దగ్గరకు వద్దాం. కనిగిరి, పొదిలి, కొండపి వైపు రైతు ఏం వేస్తాడు? పొగాకు. ఎందుకు? ఆరోగ్యానికి చేటని అతనికి తెలియక కాదు. పొగాకుకు ఒక బోర్డు ఉంది, 1976 నుంచి పనిచేస్తోంది. వేలం కేంద్రం ఉంది. ఆకును వేడితో ఆరబెట్టే బ్యారన్‌కు లైసెన్సు ఉంది, బ్యాంకులో అప్పు పుడుతుంది, ఫలానా రోజు బేళ్ళు తీసుకుపోతే కొనేవాడు ఎదురుగా నిలబడి ఉంటాడు. ధర పడిపోయిన ఏడాది రైతు ఎంత అల్లాడతాడో నాకు తెలుసు. అయినా కొనేవాడంటూ ఒకడున్నాడన్న నమ్మకం అతన్ని మళ్ళీ పొగాకు నారు దగ్గరకే తీసుకెళుతుంది. అది కుదరనివాడు సుబాబులో, జామాయిలో వేసి వలస పోతున్నాడు.

సజ్జకు ఇందులో ఏముంది? మద్దతు ధర ఉంది, కాగితం మీద. 2025-26కు సజ్జ క్వింటా 2,775 రూపాయలు, రాగి 4,886, కంది 8,000. సాధారణ రకం వరి 2,369. చూడండి, రాగి ధర వరికి రెట్టింపు! కానీ వరికి కొనుగోలు కేంద్రం ఊరి దగ్గరే తెరుస్తారు, రాగికి ఎక్కడ తెరుస్తారో ముందు తెలియదు. ఇక కొర్ర, వరిగ అయితే కేంద్రం ప్రకటించే మద్దతు ధరల జాబితాలోనే లేవు. వరిగన్నం తిని పెరిగిన తరం ఇంకా బతికి ఉండగానే ఆ పంట పేరు పిల్లలకు కొత్తదైపోయింది. 2023ను ప్రపంచమంతా చిరుధాన్యాల సంవత్సరంగా జరిపింది, అదీ మన దేశం ప్రతిపాదన మీదే. సభలు జరిగాయి, పోటీలు పెట్టారు. పట్నాల్లో కొర్ర బిస్కెట్లు, సజ్జ అటుకులు అందమైన డబ్బాల్లోకి ఎక్కాయి. ఆ డబ్బా కొనే స్తోమత రక్తహీనతతో ఉన్న కూలితల్లికి లేదు.

రైతును మార్చమనడం తేలిక. ప్రభుత్వం కొంటానంటే రైతు మారడానికి ఎంతో కాలం పట్టదు. వరి విషయంలో జరిగింది అదే కదా!

ఇక్కడ ఒక చిన్న విషయం వివరంగా చెప్పాలి. కొర్రలు వండడం మన ఆడవాళ్ళు మానేయడానికి కారణం రుచి కాదు, రోకలి. కొర్ర గింజ మీద పొట్టు గట్టిగా పట్టుకుని ఉంటుంది. రోట్లో పోసి దంచాలి, చేటతో చెరగాలి, పొట్టు పోని గింజల్ని మళ్ళీ దంచాలి. పొద్దంతా కూలికి పోయి వచ్చిన మనిషి ఇద్దరికి సరిపడా కొర్రబియ్యం తీయడానికి తెల్లవారుజామున లేవాలి. బియ్యం సంచి విప్పితే ఆ చాకిరీ ఏదీ లేదు. ఆమె బియ్యం వైపు మొగ్గడంలో తప్పేముంది? ఊళ్ళో వడ్లు ఆడే మరలో కొర్రలు ఆడవు, గింజ మరీ చిన్నది. దానికి వేరే యంత్రం కావాలి. ఆ యంత్రం లేని మండలంలో చిరుధాన్యాలు తినండి అని ఉపన్యాసం ఇవ్వడం ఆ తల్లి చేతికి మళ్ళీ రోకలి ఇవ్వడమే. సజ్జది ఇంకో ఇబ్బంది. దానిలో కొవ్వు ఎక్కువ కాబట్టి పిండి పట్టించిన కొద్ది రోజులకే చేదెక్కి ముక్కిపోతుంది. పిండి పొట్లాలు ఎక్కడో పట్టించి, గోదాముల్లో నెలల తరబడి ఉంచి పంచితే పిల్లలు ఊసేస్తారు. గింజలుగానే ఇచ్చి, ఊళ్ళో పట్టించుకునే ఏర్పాటు చేయాలి. ఇలాంటి సంగతులు వంటింట్లో ఉన్నవాళ్ళకు తెలుసు. పథకం రాసేటప్పుడు వాళ్ళను కూర్చోబెట్టి అడగాలి.

బడి భోజనం గురించి కూడా చెప్పాలి. 2001లో సుప్రీంకోర్టు ఆదేశించబట్టి దేశమంతా వండిన భోజనం పెడుతున్నారు. మన రాష్ట్రంలో ఆ పథకానికి అన్నదాత డొక్కా సీతమ్మ గారి పేరు పెట్టుకున్నాం. ఆహార భద్రత చట్టం ప్రకారం చిన్న తరగతుల పిల్లవాడికి మధ్యాహ్నం 450 కేలరీలు, 12 గ్రాముల మాంసకృత్తులు అందాలి. నూరు గ్రాముల బియ్యంలో వచ్చేవి ఎనిమిది గ్రాములు. మిగతావి పప్పు నుంచి రావాలి, గుడ్డు పెట్టిన రోజు గుడ్డు నుంచి రావాలి. కేంద్రం 2025 మే నుంచి నిర్ణయించిన వంట ఖర్చు ఆ పిల్లవాడికి రోజుకు 6 రూపాయల 78 పైసలు. పప్పు, కూరగాయలు, నూనె, తాలింపు, వంట చెరకో గ్యాసో, అన్నీ అందులోనే. వంట చేసే అక్కలు పప్పులో నీళ్ళు పోస్తున్నారని ఫిర్యాదు చేసే ముందు ఈ అంకె చూడాలి. పప్పు పలచబడుతున్నది గరిటె దగ్గర కాదు, బడ్జెట్ దగ్గర.

పప్పు మీద నిమ్మకాయ పిండుకుని తినే అలవాటు మనకు ఉండనే ఉంది. పప్పులోని, ఆకుకూరల్లోని ఇనుము ఒంటికి పట్టడానికి ఆ పులుపు తోడ్పడుతుంది. అన్నం తిన్న వెంటనే టీ తాగితే ఆ ఇనుము ఒంటికి సరిగా పట్టదు. ఇది కూడా మీ అంగన్‌వాడీ కేంద్రాల్లో తల్లులకు చెప్పండి.

మన ప్రాంతానికి ఇంకో శాపం ఉంది, అది వేరుగా చెప్పకపోతే ఈ ప్రసంగం అసంపూర్తి. నీళ్ళలోని ఫ్లోరైడ్ వల్ల ఎముకలు బిగుసుకుపోయే జబ్బును మన దేశంలో మొదటగా 1937లో వైద్య పత్రికకెక్కించింది నాటి నెల్లూరు జిల్లా నుంచే, అంటే మన ఊళ్ళ నుంచే. నడుం వంగిపోయి కర్ర పట్టుకు నడిచే నలభై ఏళ్ళ మనుషులను మనం చూస్తూనే ఉన్నాం. మంచినీళ్ళే దీనికి అసలు వైద్యం, అందులో రాజీ లేదు. కానీ తిండిలో కాల్షియం తగ్గితే ఫ్లోరైడ్ చేసే హాని పెరుగుతుంది, ముఖ్యంగా ఎదిగే పిల్లల్లో. నూరు గ్రాముల బియ్యంలో కాల్షియం పది మిల్లీగ్రాములు దాటదు. రాగుల్లో 360 పైచిలుకు. మొలకకట్టి ఎండబెట్టి పట్టించిన రాగులైతే మరింత బాగా ఒంటబడుతుంది. కొత్తపట్నం ఒడ్డున ఎండబెట్టే నెత్తళ్ళు ముల్లుతో సహా తినే చేపలు, వాటిలోనూ కాల్షియం మెండు. సముద్రం ఇంత దగ్గరున్నా పడమటి మండలాల పిల్లలకు పాలూ చేపా రెండూ అందకపోవడం దూరం వల్ల కాదు, ఎవరూ పూనుకోకపోవడం వల్ల. ఫ్లోరైడ్ మండలాల అంగన్‌వాడీలకు ప్రత్యేకమైన ఆహార పట్టిక ఉండాలి. రాష్ట్రమంతటికీ ఒకే పట్టిక రాస్తే ఈ ఊళ్ళకు అన్యాయం జరుగుతుంది.

నీటి సంగతి ఒక్క మాటలో చెప్పేస్తాను. బోరు కింద వరి పెట్టి ఎండిపోయిన చేలు ఈ ప్రాంతంలో చూడని మనిషి లేడు. సజ్జ, కొర్ర వానను నమ్ముకుని పండుతాయి. కంది నేలకు నత్రజని కూడా ఇచ్చి పోతుంది.

ఇదంతా కుదిరే పనేనా అని అడుగుతారు. కర్ణాటకలో దక్షిణ జిల్లాలకు రాగి, ఉత్తర జిల్లాలకు జొన్న రేషన్‌లో ఇస్తున్నారు. ఒడిశా 2017లో చిరుధాన్యాల మిషన్ మొదలుపెట్టి, గిరిజన రైతుల దగ్గర రాగులు కొని, కియోంఝర్ జిల్లాలో అంగన్‌వాడీ పిల్లలకు రాగి లడ్డూలు పెట్టింది. మన బడుల్లోనే 2023 మార్చిలో రాగిజావ మొదలైంది. పిల్లలు తాగారు కదా! ఆ రాగులు ఎవరి పొలంలో పండాయన్నదే నా ప్రశ్న. ఇక చట్టం మాట. 2013 చట్టంలో బియ్యం, గోధుమలతో పాటు ముతక ధాన్యాలు, అంటే సజ్జ, రాగి లాంటివి కూడా రాసి ఉన్నాయి, అప్పట్లో కిలో రూపాయి చొప్పున. కొత్త చట్టం చేయనక్కర్లేదు. ఉన్న చట్టంలోని మూడో గింజను మన జిల్లాకు తెమ్మని అడగాలి.

కాబట్టి మీ నుంచి కోరేది ఇది. వచ్చే గ్రామసభలో ప్రతి పంచాయతీ ఒక తీర్మానం చేయాలి. మనిషికి ఇచ్చే ఐదు కిలోల్లో కనీసం ఒక కిలో, కావాలన్న వాళ్ళకు, సజ్జలో రాగులో ఈ జిల్లా రైతుల దగ్గర కొని ఇవ్వాలి. వద్దన్న వాళ్ళకు బియ్యమే ఇవ్వాలి, ఎవరి మీదా రుద్దకూడదు. కందిపప్పు నెలనెలా, ఆగకుండా ఇవ్వాలి. మండలానికి ఒక కొర్ర మర, దాన్ని నడిపే బాధ్యత పొదుపు సంఘాలకు. కొనుగోలు ధర, కొనే చోటు, కొనే పరిమాణం ఏరువాకకు ముందే, మే నెలలోనే ప్రకటించాలి. విత్తనం వేశాక చెప్పే ధర రైతుకు పనికిరాదు. తీర్మానం నకలు ఒకటి తహసీల్దారుకు, ఒకటి జిల్లా పౌరసరఫరాల అధికారికి ఇచ్చి రసీదు తీసుకోండి. రాత నమూనా బయట బల్ల మీద పెట్టాను. మీ ఊళ్ళో ఏ పంట ఎన్ని ఎకరాల్లో వేయగలరో రాయడానికి అందులో ఖాళీ వదిలాను. ఆ ఖాళీ నింపాల్సింది రైతులే. వెళ్ళేటప్పుడు తలా ఒకటి తీసుకెళ్ళండి.

నమస్కారం.