అడ్డతీగను నరికే ముందు

అందరికీ నమస్కారం. అన్నవరం ప్రసాదం తిననివాళ్లు ఈ హాల్లో ఉండరనుకుంటాను. అది పెట్టిచ్చే ఆకు ఏ చెట్టుదని అడిగితే మాత్రం చాలామంది తడుముకుంటారు. చెట్టుది కాదండీ, తీగది. అడ్డతీగ. రంపచోడవరం ఏజెన్సీలో అడ్డతీగల అని ఒక మండలమే ఉంది.

తీగ అనగానే మల్లెపందిరి ఊహించుకోకండి. ఇది ముదిరితే మొదలు కర్రదేలి మానులా లావెక్కుతుంది. 30 మీటర్ల దాకా పాకగలదు. జంటగా వచ్చే నులితీగలతో కొమ్మల్ని చుట్టేసి, ఇంకొకరి మాను మీదే ఎక్కి, ఎండ తగిలే చోట ఆకులు పరుస్తుంది. ఆకు జానెడు పైనే ఉంటుంది, చివర ఆవు డెక్కలా రెండుగా చీలి. కాయలు చెక్కలా గట్టివి, ఒంటినిండా నూగు. ఎండలకు టప్పున పగిలి గింజల్ని దూరంగా చిమ్ముతాయి. ఆ గింజలు వేయించుకు తింటారు. బెరడు నారతో తాళ్లు పేనుతారు.

ఇక ఈ తీగ మీద అడవిశాఖకున్న కోపం సంగతి. ఈ తీగ కమ్ముకుంటే చెట్టుకు ఎండ అందదు, బరువుకు కొమ్మలు విరుగుతాయి, లేత మాను వంకర పోతుంది. అందుకే కలప అడవుల్లో తీగలు నరికించడం పాత అలవాటు. అడవి అంటే కలపే అయితే ఆ లెక్క సరైనదే. కానీ దుంగ డబ్బు అడవిశాఖ కలప డిపోకి పోతుంది. అడ్డాకు డబ్బు ఆకు కోసి, ఎండబెట్టి, పుల్లలతో విస్తరి కుట్టే ఆడవాళ్ల చేతికొస్తుంది, అదీ ఏటేటా.

2022 జులై 1 నుంచి దేశంలో ఒకసారి వాడి పారేసే ప్లాస్టిక్ ప్లేట్లు నిషేధం. మన పెళ్లి భోజనాల్లో వాటి జాగాలోకి ఏమొచ్చింది? చాలాచోట్ల లోపల ప్లాస్టిక్ పూత ఉన్న పేపర్ ప్లేటు! విస్తరి ఉండగా ఇదేం తెలివో నాకర్థం కాదు.

తప్పు ఒకవైపే లేదు. అందని ఆకు కోసం కోసేవాళ్లే తీగను నరికి లాగేస్తే, మొదలు మళ్లీ చిగురించినా పైదాకా పాకడానికి ఏళ్లు పడుతుంది. కాబట్టి అడవిశాఖను నేనడిగేది చిన్న విషయం. లేత కలప చెట్ల మీది తీగలు తీయండి, అభ్యంతరం లేదు. వాగుల పక్కన, ఊరి దగ్గరి అడవిలో ఉన్నవి వదలండి. ఏది ఉంచాలో, ఏది తీయాలో కత్తి పట్టే ముందే ఆకు కోసేవాళ్లను వెంట తిప్పి గుర్తు పెట్టించండి.